శామీర్‌పేట చెరువు: మన పక్కనే ఉన్న ఊరి కథ | మేడ్చల్ - శామీర్‌పేట - కీసర

 

ఈ ఎపిసోడ్ అసలు స్వీడన్ గురించి చేద్దామనుకున్నాను. ఉద్యోగం చేసే రోజుల్లో ఆఫీస్ పని మీద స్టాక్‌హోమ్ వెళ్ళినప్పుడు, ఒక శనివారం ఖాళీ దొరికితే సిగ్టునా అనే చిన్న ఊరికి వెళ్ళాను. మార్‌స్టా దాకా ట్రైన్, అక్కడి నుంచి బస్సు. మేలారెన్ అనే పెద్ద సరస్సు ఒడ్డున ఉంటుంది ఆ ఊరు. సుమారు 980లో పుట్టింది. స్వీడన్‌లో మొట్టమొదటి నాణేలు 995 ప్రాంతంలో అక్కడే ముద్రించారు. 1744లో కట్టిన బుల్లి టౌన్‌హాల్ ఒకటి ఉంది, మన పాత గ్రామ పంచాయతీ ఆఫీసంత ఉంటుందేమో. కూలిపోయిన రాతి చర్చిలు, దారి పక్కన అక్షరాలు చెక్కిన రాళ్ళు. అంతే ఊరు. కానీ ప్రతి రాయి పక్కనా ఒక బోర్డు. ఎవరు చెక్కారు, ఎవరి జ్ఞాపకంగా నిలబెట్టారు, అన్నీ రాసి ఉన్నాయి. రోజంతా తిరిగి అన్ని బోర్డులూ చదివాను.

తిరిగొచ్చాక ఆ కథంతా మా నానమ్మకి చెప్తున్నా. ఆమె అంతా విని ఒకటే అడిగింది: "గంత దూరం పోయి చెరువు చూసొచ్చినవు. మన శామీర్‌పేట చెరువు ఎవరు కట్టిన్రో ఎర్కేనా?"

నాకు తెలీదు. మేడ్చల్‌లో పుట్టి పెరిగాను. బీటెక్ నాలుగేళ్ళు ఆ చెరువు పక్క నుంచే తిరిగాను. వెయ్యేళ్ళ కిందటి స్వీడన్ ఊరి గురించి అరగంట చెప్పగలను గానీ, ఇంటి పక్క చెరువు గురించి రెండు ముక్కలు చెప్పలేకపోయాను. అందుకే స్క్రిప్ట్ పక్కన పెట్టేసి ఇది మొదలుపెట్టాను.

ముందు చెరువు

సికింద్రాబాద్ నుంచి ఉత్తరానికి, కరీంనగర్ వెళ్ళే రాజీవ్ రహదారి మీద సుమారు 24 కిలోమీటర్లు వస్తే శామీర్‌పేట. మధ్యలో అల్వాల్, హకీంపేట, తూంకుంట వస్తాయి. ఊరు దగ్గర పడుతుండగా చెరువు కనిపిస్తుంది. స్థానికంగా పెద్ద చెరువు అంటారు. నిజాం కాలంలో కట్టింది.

"కట్టింది" అన్న మాట గమనించారా? సిగ్టునా దగ్గరి మేలారెన్ సహజంగా ఏర్పడిన సరస్సు. ఒకప్పుడు అది సముద్రంలో భాగం. మంచుయుగం తర్వాత నేల మెల్లగా పైకి లేచి, ఆ నీళ్ళు సముద్రం నుంచి విడిపోయాయి. మన దగ్గర అలా కాదు. దక్కన్ పీఠభూమి కింద ఉన్నది 250 కోట్ల ఏళ్ళ నాటి గ్రానైట్. పైన పల్చటి మట్టి, కింద బండ. వాన పడితే నీళ్ళు ఇంకవు, వాలు చూసుకుని జారిపోతాయి. ఏడాదిలో మూడు నాలుగు నెలలే వాన, మిగతా రోజులు ఎండ. ఇక్కడ నీళ్ళు నిలవాలంటే ఎవరో ఒకరు అడ్డం పడాలి. అందుకే మనం సరస్సు అని పిలుచుకునేవి దాదాపు అన్నీ మనుషులు కట్టిన చెరువులే. 1560ల్లో కట్టిన హుస్సేన్‌సాగర్ అంతే. మూసీ వరద తర్వాత కట్టిన ఉస్మాన్‌సాగర్, హిమాయత్‌సాగర్ కూడా అంతే.

చెరువు ఎలా పనిచేస్తుందో చెప్తాను. సాఫ్ట్‌వేర్‌లో ఉన్నప్పుడు నేను సిస్టమ్ డిజైన్ అని తెగ చదివాను. ఇది దానికి తక్కువేం కాదు.

రెండు గుట్టల మధ్యో, రెండు ఎత్తుల మధ్యో వాలుకి అడ్డంగా మట్టి కట్ట పోస్తారు. నీళ్ళ వైపు అలలకి మట్టి కోసుకుపోకుండా రాళ్ళు పేరుస్తారు. కట్ట అడుగున తూము ఉంటుంది. దాన్ని తెరిస్తే నీళ్ళు కాలువలోకి, కాలువ నుంచి పొలాలకి. ఆ నీళ్ళతో పండే భూమి ఆయకట్టు. మరి వానలు ఎక్కువై చెరువు నిండిపోతే? నీళ్ళు కట్ట మీద నుంచి పారితే మట్టి కోసుకుపోయి కట్ట తెగుతుంది. అలా కాకుండా ఒక పక్కన కట్ట కంటే తక్కువ ఎత్తులో రాతితో ఒక దారి కడతారు. అదే అలుగు. తెలంగాణలో చాలాచోట్ల మత్తడి అని కూడా అంటారు. నిండిన నీళ్ళు దాని మీదుగా దూకి, వాగులో పడి, కింద ఉన్న ఇంకో చెరువుకి పోతాయి. అది నిండితే దాని కిందది. గొలుసుకట్టు చెరువులు అని విన్నారు కదా, అదే ఇది.

తూము ఎప్పుడు తెరవాలి, ఎవరి మడికి ఎంతసేపు నీళ్ళు వదలాలి అని చూడటానికి ఊరికి ఒక మనిషి ఉండేవాడు, నీరటి అంటారు. కట్ట మీద మైసమ్మ ఉంటుంది. తెలంగాణలో చెరువు ఉందంటే కట్ట మైసమ్మ ఉన్నట్టే. కట్ట తెగకుండా కాపాడే తల్లి అని నమ్మకం. శామీర్‌పేట కట్ట మైసమ్మ గుడి దగ్గర ఆదివారం చూడాలి మీరు. కోళ్ళు, మేకపోతులు, చెట్ల కింద రాళ్ళ పొయ్యి పెట్టి వంటలు, కుటుంబాలకి కుటుంబాలు చాపలేసుకుని దావత్ చేసుకుంటుంటాయి. మా ఇంట్లో కొత్త బండి కొంటే మొదటి ట్రిప్ అక్కడికే.

ఆ రోజు ఏం జరిగిందంటే

ఇక్కడ నాది ఒక విషయం చెప్పాలి. బీటెక్ సెకండ్ ఇయర్‌లో క్లాస్ ఎగ్గొట్టి ఐదుగురం చెరువుకి పోయాం. ఎండాకాలం. నీళ్ళు బాగా వెనక్కి తగ్గి ఉన్నాయి. మా వాడొకడు ప్యాంట్ మడిచి నీళ్ళలో దిగాడు. మోకాళ్ళ లోతే. ఫోటో తీయరా అన్నాడు. నేను ఫోన్ పైకెత్తాను. ఒక్క అడుగు వెనక్కి వేశాడు, అంతే, మనిషి లేడు.

మాలో ఎవరికీ ఈత రాదు. అరుస్తున్నాం. కొంచెం దూరంలో థర్మకోల్ తెప్ప మీద వలలు సర్దుకుంటున్న ఒక పెద్దమనిషి గబగబా వచ్చి, జుట్టు పట్టుకుని వాణ్ణి బయటికి లాగాడు. ముందు వీపు మీద రెండు చరిచాడు. తర్వాత మమ్మల్ని తిట్టాడు. ఆ తిట్లు ఇక్కడ చెప్పలేను గానీ ఒక మాట మాత్రం ఇప్పటికీ గుర్తుంది: "చెరువు పైకెళ్ళి సాపు కనిపిస్తది బిడ్డా. లోపల సాపుండది."

తర్వాత కూర్చోబెట్టి చెప్పాడు. చెరువు ఎండినప్పుడు లోపలి నుంచి మట్టి తవ్వుకుపోతారు. ఆ గుంతలు నీళ్ళొచ్చాక కనిపించవు. మోకాళ్ళ లోతు పక్కనే రెండు నిలువుల లోతు ఉంటుంది. అడుగున మెత్తటి ఒండ్రు. అందులో కాలు దిగితే లాగినకొద్దీ ఇంకా దిగుతుంది. తూము దగ్గర అన్నిటికంటే లోతు. ఈత వచ్చినవాళ్ళు కూడా పోతారు.

శామీర్‌పేట చెరువులో విద్యార్థులు మునిగిపోయారన్న వార్తలు మీరూ చదివే ఉంటారు. మా వాడు ఆ వార్త కాకపోవడానికి కారణం ఆ రోజు ఆయన అక్కడ ఉండటమే. కాబట్టి ఈ వీడియో చూసి వెళ్ళేవాళ్ళకి ఒకటే రిక్వెస్ట్. కట్ట మీద నుంచి చూడండి, ఒడ్డున కూర్చోండి, నీళ్ళలో మాత్రం దిగకండి. ఫోటో కోసం అసలే వద్దు.

రాయి మీద తెలుగు మాట

చెరువు చూశాక ఔటర్ రింగ్ రోడ్ ఎక్కండి. శామీర్‌పేట 7వ ఎగ్జిట్. పక్కదే 8వ ఎగ్జిట్, కీసర. కీసరగుట్ట మీద రామలింగేశ్వరస్వామి గుడి అందరికీ తెలుసు, శివరాత్రికి పెద్ద జాతర జరుగుతుంది. రాముడు శివలింగం తెమ్మంటే హనుమంతుడు కాశీ నుంచి తెచ్చేలోపు ముహూర్తం దాటిపోతుందని శివుడే లింగం ఇచ్చాడట. ఆలస్యంగా వచ్చిన హనుమంతుడు అలిగి తను తెచ్చిన లింగాలన్నీ విసిరేశాడట. గుట్టంతా చెల్లాచెదురుగా కనిపించే లింగాలు అవేనని స్థలపురాణం. కేసరి కొడుకు పేరు మీద కేసరిగిరి, అదే వాడుకలో కీసర అయిందంటారు.

ఇది పురాణం. చరిత్ర కూడా అంతే ఆసక్తిగా ఉంటుంది. 5వ శతాబ్దం ప్రాంతంలో ఇక్కడ విష్ణుకుండినులు ఉన్నారు. పురావస్తు శాఖ తవ్వకాల్లో వాళ్ళ కాలం నాటి ఇటుక కట్టడాలు, కోట గోడల ఆనవాళ్ళు బయటపడ్డాయి. అక్కడే ఒక బండ మీద ఒక చిన్న శాసనం ఉంది. ఒకే ఒక్క మాట: "తొలుచువాండ్రు". అంటే రాయిని తొలిచేవాళ్ళు, శిల్పులు. తెలంగాణలో దొరికిన తొలి తెలుగు శాసనాల్లో ఒకటిగా దీన్ని చెప్తారు.

ఒక్కసారి ఆలోచించండి. అప్పట్లో శాసనాలంటే ప్రాకృతంలోనో సంస్కృతంలోనో రాజుల బిరుదులు, దానాల లెక్కలు. ఇక్కడ రాజు పేరు లేదు. పని చేసినవాళ్ళు తమని తాము ఏమని పిలుచుకున్నారో అది ఉంది, అదీ తెలుగులో. ఇప్పటికీ ఆ మాట మనకి అర్థమవుతోంది. "తొలుచు" అనే క్రియ, "వాండ్రు" అనే బహువచనం. మా నానమ్మ ఇప్పటికీ "వాండ్లు" అంటుంది. సిగ్టునాలో నేను రోజంతా చదివిన ఆ చెక్కుడు రాళ్ళు ఎక్కువగా 11వ శతాబ్దానివి. మన బండ వాటికంటే ఐదారు వందల ఏళ్ళు పెద్దది. నేను కీసరకి కనీసం ఇరవైసార్లు వెళ్ళుంటాను. పులిహోర ప్రసాదం గుర్తుంది, కోతులు గుర్తున్నాయి. ఈ బండ ఉందని మాత్రం పాతికేళ్ళు దాటాక తెలిసింది.

మేడ్చల్: రైలు, ద్రాక్ష, టీకా

ఇప్పుడు మా ఊరు, 6వ ఎగ్జిట్. శ్రీనగర్ నుంచి కన్యాకుమారి వెళ్ళే 44వ జాతీయ రహదారి మేడ్చల్ మీదుగానే పోతుంది. పెద్దవాళ్ళు ఇప్పటికీ దీన్ని నంబర్ సెవెన్ అనే అంటారు, పాత నంబర్ అది. రైలు అంతకంటే పాతది. నిజాం రాజ్యంలో హైదరాబాద్ గోదావరి వ్యాలీ రైల్వే అని మీటర్‌గేజ్ లైన్ వేశారు. నిజామాబాద్, నాందేడ్ మీదుగా మన్మాడ్ దాకా. 1901కల్లా పూర్తయింది. మేడ్చల్ ఆ దారిలోనే ఉంది. 2023 ఏప్రిల్‌లో ఎంఎంటీఎస్ కూడా మేడ్చల్ దాకా వచ్చింది.

మా చిన్నప్పుడు ఇక్కడ ద్రాక్ష తోటలు ఉండేవి. మేడ్చల్, శామీర్‌పేట, కీసర చుట్టూ రాతి కడీలు పాతి, తీగలు కట్టి పందిళ్ళు వేసేవాళ్ళు. హైదరాబాద్ పేరు చెప్తే అనాబ్-ఎ-షాహీ ద్రాక్ష గుర్తొచ్చే కాలం ఒకటుంది. తర్వాత నీళ్ళు తగ్గాయి, కూలీ ఖర్చు పెరిగింది, భూమి ధర ఇంకా పెరిగింది. పందిళ్ళ చోట వెంచర్లు వచ్చాయి. కొన్ని వెంచర్ల ప్రహరీకి పాత ద్రాక్ష కడీలే వాడారు. వెళ్తూ వెళ్తూ చూడండి, పైన తీగ కట్టడానికి పెట్టిన తూట్లు కనిపిస్తాయి.

ఈ ఊరి ఇంకో కథ ప్రపంచమంతా తెలియాల్సింది. నెల్లూరు జిల్లా నుంచి వచ్చిన ఇంజనీర్ కె.ఐ. వరప్రసాద్ రెడ్డి గారు 1993లో తన తల్లి పేరు మీద శాంతా బయోటెక్నిక్స్ మొదలుపెట్టారు. అప్పట్లో హెపటైటిస్-బి టీకా బయటి దేశాల నుంచే రావాలి. ఒక్కో డోసు వందల రూపాయలు, అలాంటివి మూడు డోసులు. మామూలు ఇళ్ళలో పిల్లలకి వేయించే మాటే లేదు. 1997లో శాంతా వాళ్ళు శాన్‌వాక్-బి తెచ్చారు. జన్యు ఇంజనీరింగ్‌తో మన దేశంలో తయారైన తొలి హెపటైటిస్-బి టీకా అది. ఆ తర్వాత ధరలు బాగా దిగాయి. ఆ కంపెనీ ప్లాంట్ మా మేడ్చల్‌లోనే ఉంది. మా డాడీ చేయి పట్టుకుని నేను వేయించుకున్న టీకా కూడా అదేనని మా అమ్మ అంటుంది.

1999లో శామీర్‌పేట దగ్గర తుర్కపల్లి ప్రాంతంలో జీనోమ్ వ్యాలీ మొదలైంది. కృష్ణ ఎల్ల గారి భారత్ బయోటెక్ అక్కడే ఉంది. ఐసీఎంఆర్‌తో కలిసి చేసిన కోవాగ్జిన్‌కి 2021 జనవరి 3న అత్యవసర అనుమతి వచ్చింది. కరోనా టైంలో టీకా కోసం దేశమంతా లైన్లో నిలబడితే, ఆ సీసాల్లో కొంత భాగం బయల్దేరింది మన చెరువు అవతలి రోడ్డు నుంచి.

ఒక్క రోజులో ఏం చూడొచ్చు

పొద్దున్నే, 7 లోపు, చెరువు కట్టకి రండి. చలికాలం అయితే పక్షులు బాగుంటాయి, బైనాక్యులర్స్ తెచ్చుకోండి. దగ్గర్లోనే జవహర్ జింకల పార్క్. చుక్కల జింకలు, నెమళ్ళు కనిపిస్తాయి, పిల్లలుంటే తప్పకుండా వెళ్ళండి. అక్కడి నుంచి అలియాబాద్ చౌరస్తా వైపు రత్నాలయం, వెంకటేశ్వరస్వామి గుడి, చాలా ప్రశాంతంగా ఉంటుంది. మధ్యాహ్నం ఎండ తగ్గాక కీసరగుట్ట. సూర్యాస్తమయం గుట్ట మీద నుంచి చూడండి. దారిలో మీకు నల్సార్ లా యూనివర్సిటీ తగులుతుంది. 1998లో పెట్టింది, ఇప్పుడు దేశంలో మంచి పేరున్న లా కాలేజీల్లో ఒకటి. జవహర్‌నగర్ వైపు 2008లో మొదలైన బిట్స్ పిలానీ క్యాంపస్ ఉంది. 2016 అక్టోబర్ 11న మేడ్చల్-మల్కాజ్‌గిరి జిల్లా ఏర్పడింది. కలెక్టరేట్ 2022లో శామీర్‌పేట మండలం అంతాయిపల్లికి వచ్చింది.

ఇప్పుడు అసలు విషయం

ఇన్ని వచ్చాయి కదా, మరి చెరువు సంగతేంటి?

నేను ఏడో క్లాస్‌లో ఉండగా మా డాడీ ఒక ప్లాట్‌కి అడ్వాన్స్ ఇచ్చాడు. మేడ్చల్ పక్కన ఒక కుంట దగ్గర. ఏప్రిల్ నెల. నేల చదునుగా, శుభ్రంగా ఉంది, తెల్ల రాళ్ళు పాతి ఉన్నాయి. తాతను తీసుకెళ్ళి చూపించాడు. తాత ఏం మాట్లాడకుండా వంగి, మట్టి గిల్లి, రెండు నత్తగుల్లలు తీసి డాడీ చేతిలో పెట్టాడు.

"ఇది నీళ్ళ జాగ రా. ఎండకాలం పండుకుంటది, వానకాలం లేస్తది."

అడ్వాన్స్ తిరిగి రాలేదు. అమ్మినతను ఫోన్ ఎత్తడం మానేశాడు. రెండేళ్ళ సేవింగ్స్ అవి. ఇంట్లో చాలా రోజులు ఎవరూ గట్టిగా మాట్లాడలేదు. ఆ ఏడు వానాకాలంలో వెళ్ళి చూస్తే ఆ తెల్ల రాళ్ళు నీళ్ళ కింద ఉన్నాయి. అయినా కొన్ని ప్లాట్లు తర్వాత అమ్ముడుపోయాయి. మాకు తాత ఉన్నాడు కాబట్టి అడ్వాన్స్‌తో పోయింది. కొన్నవాళ్ళకి అలా చెప్పే మనిషి లేడు.

తాత నత్తగుల్లతో చెప్పినదాన్నే ఇప్పుడు ఎఫ్‌టీఎల్ అంటున్నాం, అంటే చెరువు పూర్తిగా నిండినప్పుడు నీళ్ళు ఎంతదాకా వస్తాయో ఆ గీత. గీత లోపలి భూమి శిఖం. రూల్స్ ప్రకారం 10 హెక్టార్లు, అంతకంటే పెద్ద చెరువులకి ఆ గీత నుంచి ఇంకో 30 మీటర్లు, చిన్నవాటికి 9 మీటర్లు బఫర్ వదలాలి. అక్కడ ఇల్లు కట్టకూడదు. హెచ్ఎండీఏ వాళ్ళ చెరువుల వెబ్‌సైట్‌లో సర్వే నంబర్లతో మ్యాపులు ఉన్నాయి. కొనే ముందు మీ సర్వే నంబర్ అక్కడ చూసుకోండి. చూశాక కూడా ఒకసారి వానాకాలంలో వెళ్ళి నిలబడి చూడండి, ఊళ్ళో పెద్దవాళ్ళని అడగండి. 2024లో హైడ్రా వచ్చాక కూల్చివేతలు టీవీలో చూశాం. ఎవరిది తప్పు అని మనం గంటలు గంటలు వాదించుకోవచ్చు. కానీ రోడ్డు మీద పడ్డ సామాన్ల పక్కన నిలబడ్డ కుటుంబాన్ని చూసినప్పుడల్లా నాకు మా డాడీ చేతిలో ఆ రెండు గుల్లలే గుర్తొస్తాయి.

గొలుసుకట్టు అన్నాను కదా. పైన ఒక కుంట పూడిస్తే, అలుగు దారిలో ఒక గోడ కడితే, నష్టం అక్కడే ఆగదు. ఎండాకాలం కింది చెరువుకి నీళ్ళు రావు. పెద్ద వాన పడితే ఆ నీళ్ళు దారి తప్పి కాలనీల్లోకి వస్తాయి. 2015లో మొదలైన మిషన్ కాకతీయలో రాష్ట్రంలోని 46 వేలకు పైగా చెరువుల పునరుద్ధరణ లక్ష్యంగా పెట్టుకున్నారు. పూడిక తీయడం ఒక ఎత్తు, చెరువుకి నీళ్ళొచ్చే దారి మిగలడం ఇంకో ఎత్తు.

శామీర్‌పేట చెరువు పెద్దది కాబట్టి ఇంకా నిలబడి ఉంది. సిటీ అటే వస్తోంది. ప్యారడైజ్ నుంచి శామీర్‌పేట ఓఆర్ఆర్ దాకా ఎలివేటెడ్ కారిడార్‌కి 2024 మార్చిలో శంకుస్థాపన జరిగింది. మెట్రో కూడా మేడ్చల్‌కి, శామీర్‌పేటకి తెస్తామంటున్నారు. రావాలి. రోజూ మేడ్చల్ నుంచి హైటెక్ సిటీకి నాలుగేళ్ళు బస్సులో వేలాడినవాణ్ణి, వద్దని నేనెలా అంటాను? రోడ్డు వచ్చే లోపు ఆ నీళ్ళ గీత ఎక్కడుందో మనకి తెలిసి ఉంటే చాలు.

తాత ఇప్పుడు లేడు. నానమ్మకి ఈ వీడియో చూపించాను. మైసమ్మ దగ్గర దావత్ షాట్ వచ్చినప్పుడు నవ్వింది. మొత్తం అయ్యాక, "నిజాం కాలం అంటివి. తట్టలు మోసి కట్టినోళ్ళెవరో చెప్పకపోతివి" అంది. నా దగ్గర సమాధానం లేదు. కీసర బండ మీద అయినా "తొలుచువాండ్రు" అని ఒక మాట ఉంది. ఈ కట్ట మట్టి మోసినవాళ్ళకి అది కూడా లేదు.

మీ ఊరి చెరువు ఎవరు కట్టారో ఈ ఆదివారం మీ ఇంట్లో పెద్దవాళ్ళని అడగండి. వాళ్ళు చెప్పేది ఫోన్‌లో రికార్డ్ చేసి పెట్టుకోండి. మా తాతది నేను చేసుకోలేదు.

వచ్చే ఎపిసోడ్‌లో కలుద్దాం. నమస్తే.